ఎవరి రాత ఎవరు చదవాలి?



గోల్కొండ కోటకు వెళ్లినవాళ్లు కింద ద్వారం దగ్గర చప్పట్లు కొడతారు. ఆ చప్పుడు కొండపైన బారాదరి దాకా వినిపిస్తుందని చెబితే ముచ్చటపడతారు. ఫిరంగుల దగ్గర ఫోటోలు దిగుతారు. రామదాసు బందీఖానా దగ్గరికి వచ్చేసరికి మాత్రం గొంతులు తగ్గుతాయి. చీకటి కొట్టు, గోడ మీద చెక్కిన సీతారామలక్ష్మణులు, ఆంజనేయుడు. చేతులు జోడించేవాళ్లు జోడిస్తారు. ప్రభుత్వ సొమ్ము వాడినందుకు ఒక ప్రభుత్వ ఉద్యోగిని పెట్టిన జైలు మనకు గుడి అయి కూర్చుంది. ఇలాంటి గుడి ఇంకెక్కడైనా ఉందేమో నాకు తెలియదు.

ఈరోజు తలరాత గురించి, దైవలీల గురించి నాలుగు మాటలు చెప్పుకుందాం. సంచితం, ప్రారబ్ధం, ఆగామి అని కర్మను మూడుగా విడదీసి పండితులు చక్కగా చెప్పగలరు. ఆ పని వాళ్లకే వదిలేస్తాను. నాకు కావలసింది చిన్న సంగతి. ఫలానా కష్టం ఫలానా కారణాన దేవుడు పెట్టాడు అని ఎవరైనా అన్నప్పుడు, ఆ మాట అంటున్నది ఎవరు? ఎవరి కష్టాన్ని చూసి అంటున్నారు? ఈ ప్రశ్న వేసుకోవడానికి గోల్కొండ కంటే మంచి చోటు నాకు దొరకలేదు.

కథ మీకు తెలిసిందే. హరికథల్లో విన్నారు, 1964లో నాగయ్యగారు తీసిన సినిమాలో చూశారు, ఆ తరవాతా చూశారు. అందుకని గబగబా చెప్పుకుపోతాను. మనం రామదాసని పిలుచుకునే కంచర్ల గోపన్నది ఇప్పటి ఖమ్మం జిల్లా నేలకొండపల్లి. మేనమామలు అక్కన్న, మాదన్న గోల్కొండ కొలువులో పెద్ద పదవుల్లో ఉన్నవాళ్లు. వాళ్ల మాట మీద మేనల్లుడికి పాల్వంచ పరగణా తహసీల్దారు ఉద్యోగం వచ్చింది. సిఫార్సు ఉద్యోగమే, దాచేదేముంది. శిస్తు వసూలు చేసి ఖజానాకు పంపాలి. పక్కనే భద్రాచలం. అక్కడ పోకల దమ్మక్క అనే భక్తురాలు పుట్టలో దొరికిన విగ్రహాలకు పాక వేసి పూజ చేసుకుంటోందని స్థలపురాణం. గోపన్న ఆ పాక ఉన్నచోట రాతి గుడి లేపాడు. మొదట చందాలు వేయించాడు. అవి చాలక శిస్తు సొమ్ము వాడాడు. ఆరు లక్షలని కథ చెబుతుంది. కబురు గోల్కొండకు చేరింది. తహసీల్దారుని తెచ్చి కోటలో పెట్టారు. పన్నెండేళ్లు.

చరిత్రకారులు ఇక్కడ కాస్త నసుగుతారు. గోపన్నను చెరలో పెట్టించాడంటున్న అబుల్ హసన్ కుతుబ్ షా, అంటే మన తానీషా, ఏలిందే 1672 నుంచి 1687 దాకా. ఆ పదిహేనేళ్లలో ఉద్యోగం, గుడి, విచారణ, పన్నెండేళ్ల చెర, విడుదల అన్నీ ఇమడ్చాలంటే ఇరుకే. రామదాసుకు తారకమంత్రం ఉపదేశించాడనే కబీరు కూడా, మనకు తెలిసిన ఆ కబీరే అయితే, ఆయన కంటే చాలా ముందు కాలంవాడు. సరే, భక్తుల కథ తేదీలు చూసుకుని నడవదు. జనం ఈ కథలో ఏ అర్థం వెతుక్కున్నారన్నదే ఇప్పుడు మనకు కావాలి.

మళ్లీ కథలోకి వస్తే, ఒక రాత్రి ఇద్దరు యువకులు తానీషా పడకగదిలోకి వచ్చారు. పేర్లు రామోజీ, లక్ష్మోజీ. గోపన్న తరఫున వచ్చామని చెప్పి, బాకీ మొత్తం బంగారు నాణేల రూపంలో ఆయన ముందు కుమ్మరించారు. చెల్లుచీటీ రాసిమ్మన్నారు. ఆ చీటీ తీసుకెళ్లి, చెరలో నిద్రపోతున్న రామదాసు పక్కన పెట్టి మాయమయ్యారు.

ఈ చెల్లుచీటీ అంటే నాకు ప్రత్యేకమైన ఇష్టం. దేవుడు తలుచుకుంటే తానీషా మనసు ఇట్టే మారిపోవచ్చు. జైలు తలుపులు వాటంతట అవే తెరుచుకోవచ్చు. కృష్ణుడు పుట్టిన రాత్రి వసుదేవుడికి అలాగే తెరుచుకున్నాయి కదా. గోల్కొండ కథ అల్లినవాళ్లు మాత్రం ఆ తేలిక దారి పట్టలేదు. గుడి కోసమే కావచ్చు, సాక్షాత్తూ రాముడి కోసమే కావచ్చు, ఖజానా బాకీ బాకీయే. అది ఎండలో వానలో పనిచేసిన రైతు కట్టిన శిస్తు. కాబట్టి దేవుడే దిగివచ్చి, లెక్క కట్టి, రసీదు పుచ్చుకోవాలి. దైవలీల పేరు చెప్పి లెక్క ఎగ్గొట్టడం మన పెద్దలకు నచ్చలేదు. దేవాలయాల సొమ్ము చూసుకునేవాళ్లు ఈ ఘట్టాన్ని ఏటా ఒకసారి వింటే బాగుంటుంది.

ఇక అసలు చిక్కు. పన్నెండేళ్లు ఏడ్చింది రామదాసు. రాత్రీ పగలూ పిలిచింది రామదాసు. కొరడా దెబ్బలు తిన్నదీ రామదాసే. దర్శనం దొరికింది తానీషాకు! అడగనివాడి గదికి స్వామి నడిచి వచ్చాడు. అడిగినవాడు ఆ సమయానికి నిద్రపోతున్నాడు. తెల్లవారి చూసుకుంటే మిగిలింది ఒక చీటీ. ఈ అన్యాయం మన జనానికి మింగుడుపడలేదు. మింగుడుపడక పూర్వజన్మ కథలు పుట్టించారు.

ఒక కథలో, రామదాసు వెనకటి జన్మలో ఒక చిలుకను పట్టి పంజరంలో పెట్టాడు. ఆ చిలుక పడిన చెరకు బదులు ఈ జన్మలో ఈ చెర. ఇంకో కథ తానీషా గురించి. ఆయన వెనకటి జన్మలో కాశీలో శివుడికి కుండలు కుండలుగా గంగనీళ్లు మోసి అభిషేకం చేస్తానని మొక్కుకున్నాడు. మొక్కు తీరబోతుండగా ఓపిక పోయి కుండ విసిరికొట్టాడు. చేసిన పూజకు దర్శనం దక్కింది, చూపిన అసహనానికి అది ఎక్కడో మరో పుట్టుకలో, తాననుకోని తీరులో దక్కింది.

రెండో కథ నాకు అంతగా నచ్చదు. ఒక ముస్లిం ప్రభువుకు రాముడు కనిపించాడనే మాటను ఉన్నదున్నట్టు ఒప్పుకోలేక, ఆయన్ని వెనకటి జన్మలో మనవాడిని చేసి సర్దుకున్న సర్దుబాటు అది. స్వామి తన ఇష్టం వచ్చినవాడికి కనిపించాడని ఊరుకుంటే పోయేదేముంది? చిలుక కథ సంగతి వేరు. అందులో మంచి మనసుంది. చెరసాల గోడల మధ్య కూర్చున్న మనిషికి, తను ఎప్పుడో ఒక పిట్టకు ఇలాంటి గోడలే కట్టానని తోచిందనుకోండి. తానీషా మీది కోపం చల్లారుతుంది. పిట్టల మీద జాలి పుడుతుంది. తన కష్టానికి ఒక అర్థం దొరికి, ఆ అర్థం అతన్ని మెత్తబరుస్తుంది. ఇంతవరకూ బాగుంది. అదే మాట చెరసాల కాపలావాడు అన్నాడనుకోండి. కొరడా పట్టుకుని, ఏం చేస్తావయ్యా, వెనకటి జన్మలో చిలుకను బంధించావు, అనుభవించు అన్నాడనుకోండి. కథ అదే, చిలుక అదే. కానీ ఇప్పుడు అది కొరడాకు కట్టిన పట్టుకుచ్చు అయింది.

ఇంకో సంగతి గమనించండి. కీర్తనల్లో మనకు వినిపించే రామదాసు ఏ లెక్కకూ బుద్ధిగా తల వంచే మనిషి కాడు. ఎవరెవరికి ఏ నగ చేయించాడో, దేనికెంత పోశాడో ఏకరువు పెట్టి రాముణ్ణి నిలదీస్తాడు. నీ సొమ్మా, నీ తండ్రి సొమ్మా అన్నట్టు దులిపేస్తాడు. వెంటనే నాలుక కరుచుకుని, దెబ్బలకు ఓర్వలేక తిట్టాను, మన్నించమంటాడు. ఆయన పలకకపోతే సీతమ్మను మధ్యలోకి లాగి, ఏకాంతంలో ఒక మాట వెయ్యమ్మా అని బతిమాలుకుంటాడు. దేవుడు చూసుకుంటాడనే నమ్మకం ఉన్నవాడు ఇంత గొడవ పెట్టుకుంటాడా అని ఎవరికైనా అనుమానం రావచ్చు. నా లెక్కలో, నమ్మకం ఉన్నవాడే పెట్టుకుంటాడు. వినేవాడు లేడనుకుంటే ఎవరిని తిడతాం? నిందాస్తుతి అని మన సంప్రదాయంలో దానికి ఒక పీట వేసి మరీ కూర్చోబెట్టారు.

ఇప్పుడు గోడకు అవతలున్న మనిషిని చూద్దాం. సినిమాలు చూపించిన తానీషా కంటే చరిత్రలోని తానీషా విచిత్రమైనవాడు. రాజవంశానికి దూరపు చుట్టం. వయసులో చాలా ఏళ్లు షా రాజు అనే సూఫీ గురువు ఆశ్రమంలో, ఫకీర్ల మధ్య గడిపాడు. అబ్దుల్లా కుతుబ్ షాకు కొడుకులు లేరు, కూతుళ్లే. మూడో అమ్మాయికి సయ్యద్ సుల్తాన్ అనే అతనితో పెళ్లి కుదిరింది. పెద్దల్లుడికి ఆ పెళ్లికొడుకంటే గిట్టదు. ఆ పెళ్లి జరిగితే నేనిక్కడ ఉండనని పట్టుబట్టాడు. సంబరాలు మొదలయ్యాక పెళ్లికొడుకుని మార్చాల్సి వచ్చి, ఫకీరుల మధ్య ఉన్న అబుల్ హసన్‌ను వెతికి తెచ్చి ముస్తాబు చేశారు. 1672లో మామగారు పోయాక గోల్కొండ సింహాసనం ఆయనదే అయింది. అదృష్టమంటే అలా ఉంటుంది, తలుపు తట్టి పిలుచుకెళుతుంది.

పోయేటప్పుడూ అంతే. 1687లో ఔరంగజేబు సైన్యం దాదాపు ఎనిమిది నెలలు కోటను చుట్టుముట్టింది. ఫిరంగులకు లొంగని కోట లంచానికి లొంగింది. లోపలి సరదారు ఒకడు రాత్రివేళ తలుపు తీశాడు. మొగలు అధికారులు మహల్లోకి వచ్చేసరికి తానీషా శాంతంగా కూర్చుని వాళ్లను పలకరించాడనీ, భోజనం వేళయిందని వడ్డించమన్నాడనీ ఖాఫీ ఖాన్ తన చరిత్రలో రాశాడు. ఈ స్థితిలో మీకు ముద్ద ఎలా దిగుతోందని ఒక అధికారి ఆశ్చర్యపోయాడట. ఆయన చెప్పిన జవాబు సారాంశం ఇది. దేవుడు నన్ను కొన్నాళ్లు ఫకీరుగా ఉంచాడు, కొన్నాళ్లు రాజుగా ఉంచాడు, ఇప్పుడు నా పగ్గాలు మరొకరి చేతికిచ్చాడు, ఇందులో నేను చిన్నబుచ్చుకోవడానికేముంది అని. రామదాసులా గొడవ పడలేదు. తఖ్దీర్, అంటే తలరాత, అని తల వంచాడు. ఎవరి తీరు వాళ్లది. ఇద్దరూ తమ తమ నుదుటిమీది రాతనే చదువుకున్నారు.

ఆయన్ని దౌలతాబాద్ కోటలో పెట్టారు. 1699లో అక్కడే పోయాడు. గోల్కొండ పక్కన ఇబ్రహీంబాగ్‌లో అంతంత గుమ్మటాల కింద ఆ వంశపు సుల్తానులు నిద్రపోతున్నారు. చివరివాడు మాత్రం అక్కడ లేడు. దౌలతాబాద్ దగ్గర ఖుల్దాబాద్‌లో ఉన్నాడు. ఆయన్ని ఓడించిన ఔరంగజేబు సమాధీ ఆ ఊళ్లోనే ఉంది.

1687 నుంచి 1699. సుమారు పన్నెండేళ్లు. ఈ అంకె వినగానే మీకేం తోచిందో నాకు తెలుసు, నాకూ అదే తోచింది. రామదాసుకు పన్నెండేళ్లు, తానీషాకు పన్నెండేళ్లు. చేసుకున్నవాడికి చేసుకున్నంత అని ఒక మాట అనేసి, ఈ ప్రసంగం ఇక్కడితో ముగిస్తే చప్పట్లు కొట్టేవాళ్లుంటారు. నేను అననందుకు కారణం ఉంది. ఆ లెక్క నిజమైతే అక్కన్న మాదన్నల సంగతేమిటి? గుడి కట్టిన మేనల్లుడికి వాళ్లే అండ. కోట పడకముందే గోల్కొండ వీధుల్లో వాళ్లను హత్య చేశారు. వాళ్లు ఏ పిట్టను బంధించారు? ఆ ఎనిమిది నెలల్లో కోట లోపలా బయటా ఫిరంగి గుండ్లకూ, కరువుకూ, రోగాలకూ పోయిన పేరులేని సిపాయిలు ఏం చేశారు? కథలో ఒకరిద్దరు మనుషులే ఉన్నంతసేపు దేవుడి లెక్క ముచ్చటగా సరిపోతుంది. మిగతావాళ్లను లోపలికి రానిస్తే పద్దు తప్పుతుంది. తానీషా దౌలతాబాద్‌లో కూర్చుని ఒక రాత్రివేళ రామదాసును తలుచుకుని ఉంటే, ఆ మాట అనే హక్కు ఆయనది. నాది కాదు.

మన ఇళ్ల సంగతికే వద్దాం. 1977 నవంబరు 19న దివిసీమను ఉప్పెన ముంచెత్తింది. అధికారిక లెక్కల ప్రకారమే పదివేల మంది దాకా పోయారు. పిల్లలందరినీ పోగొట్టుకుని తాను ఒక్కతే మిగిలిన తల్లి, దేవుడు నన్నెందుకో ఉంచాడు అని, ఆ ఎందుకో అన్నది వెతుక్కుంటూ ఇంకెవరి పిల్లల్నో సాకిందనుకోండి, ఆ మాట ఆమెకు ఊపిరి. దాన్ని తర్కంతో కోసేవాడికి బుద్ధి లేదంటాను. పరిహారం కాగితం పట్టుకుని ఆఫీసుకు వెళ్లిన అదే తల్లితో, నీ రాత అలా ఉందమ్మా ఏం చేస్తాం అని బల్ల అవతల కూర్చున్నాయన అంటే? ఆయన వేదాంతం చెప్పడం లేదు, పని ఎగ్గొడుతున్నాడు. ఆ ఉప్పెన తరవాత తీరం పొడవునా తుఫాను షెల్టర్లు కట్టారు, హెచ్చరికల ఏర్పాట్లు పెరిగాయి. 2014 అక్టోబరులో హుద్‌హుద్ తుఫాను విశాఖపట్నాన్ని అల్లకల్లోలం చేసినప్పుడు మన రాష్ట్రంలో ప్రాణనష్టం పదుల్లో ఆగింది. రెండు తుఫానులూ ఒకలాంటివి కావు, నిజమే. అయినా 1977లో నూకలు చెల్లాయని మనం అన్న ఎంతోమందికి, ముందే చెప్పి లారీ ఎక్కించి ఉంటే నూకలు మిగిలి ఉండేవి.

ఇతరుల కష్టంలో దేవుడి చేతిని చూడటం చిన్నవాళ్లు, తెలియనివాళ్లు చేసే పని అనుకునేరు. 1934 జనవరి 15న ఉత్తర బీహారులో, నేపాల్లో పెద్ద భూకంపం వచ్చింది. ముజఫర్‌పూర్, దర్భంగా, ముంగేరు పట్టణాలు నేలమట్టమయ్యాయి. పదివేలకు పైగా చనిపోయారు. గాంధీజీ అప్పుడు అంటరానితనం మీద దేశమంతా తిరుగుతున్నారు. కొద్దిరోజుల ముందే మన ఆంధ్ర జిల్లాలు చుట్టి, మలబారు మీదుగా తమిళ దేశానికి వెళ్లారు. తిరునల్వేలి సభలో ఆయన, ఈ భూకంపం మనం అంటరానితనమనే పాపం చేసినందుకు దేవుడు వేసిన శిక్ష అన్నారు.

దేశం ఉలిక్కిపడింది. రవీంద్రనాథ్ ఠాగూరు ఉండబట్టలేక ఒక ప్రకటన రాసి గాంధీజీకే పంపారు. అంటరానితనం విషయంలో ఆయనకు గాంధీజీతో పేచీ లేదు. భూమి కంపించడానికి కారణం భూమిలోనే ఉంటుందని, ప్రకృతి ఉత్పాతాన్ని నీతిలెక్కతో ముడిపెట్టడం తగదని ఆయన వాదం. అందులో ఒక పోటు ఉంది. ఈ తర్కం గాంధీజీకంటే ఆయన ప్రత్యర్థులకే బాగా పనికొస్తుంది అన్నారు. సనాతనులు లేచి, అంటరానివాళ్లను గుళ్లలోకి రానిమ్మంటున్నావు కనకే భూమి బద్దలైంది అంటే నీ దగ్గర జవాబేముంది? దేవుడి శిక్ష అనే కర్రను ఎవరైనా అందుకోవచ్చు.

గాంధీజీ 1934 ఫిబ్రవరి 16 నాటి హరిజన్ పత్రికలో ఆ విమర్శను తానే అచ్చు వేశారు. పక్కన తన జవాబూ వేశారు. రుజువు చెయ్యలేను కానీ నమ్మకుండా ఉండలేను అన్నారు. నా నమ్మకం తప్పే అయినా అది నన్ను, నావంటివాళ్లను ఆత్మశుద్ధికి పురిగొల్పుతుంది, నష్టమేమిటి అన్నారు. ఆయన మన పాపం అన్నారే కానీ బీహారువాళ్ల పాపం అనలేదు. తనను కూడా ముద్దాయిల వరసలోనే నిలబెట్టుకున్నారు. ఈ ఒక్క సంగతి ఆయన్ని కొరడా పట్టిన కాపలావాడికి దూరంగా ఉంచుతుంది. అయినా నా ఓటు ఠాగూరుకే. పాపం మనందరిదీ అయితే, మిద్దె కూలి చచ్చింది దర్భంగాలో ఆడుకుంటున్న పిల్లవాడు. ఆ శిథిలాల కింద అంటరానివాళ్లు కూడా ఉన్నారు. వాళ్ల మీద జరిగిన పాపానికి వాళ్లనే శిక్షించే దేవుణ్ణి ఏ రామదాసూ ఊరికే వదలడు.

మాటలు అక్కడికి ఆగాయి, పని ఆగలేదు. బాబూ రాజేంద్రప్రసాద్ భూకంపం వచ్చిన రెండు రోజులకు జైలు నుంచి బయటికొచ్చి సహాయ సంఘాన్ని నిలబెట్టారు. నిధి లెక్కలు చూడటానికి జె.సి. కుమారప్ప వచ్చారు. తంజావూరు వైపు క్రైస్తవ కుటుంబంలో పుట్టినవాడు, లెక్కల్లో ఆరితేరినవాడు. కార్యకర్త ఒక్కొక్కరికి రోజుకు ఇంత అని ఆయన తిండి ఖర్చుకు ఒక హద్దు గీశారు. మార్చిలో గాంధీజీ తన పరివారంతో బీహారు పర్యటనకు వచ్చారు. ఈ బృందం ఖర్చు సహాయ నిధిలోంచి ఇవ్వడం కుదరదని కుమారప్ప చెప్పేశారు. సంగతి గాంధీజీ దాకా వెళ్లింది. ఆయన కుమారప్పను పిలిచి అడిగారు. బాధితుల కోసం జనం ఇచ్చిన డబ్బు ఇది, మీకైనా రూలు రూలే అన్నారు కుమారప్ప. గాంధీజీ సరేనన్నారు.